అంత ఇబ్బందేం లేదు

బ్రాక్‌షా ఊళ్ళో మనిషిని ఎలా ఉన్నావని అడగడం శుద్ధ దండగ. కాలు విరిగి కట్టుతో కుంటుతున్నవాడైనా, నిన్నగాక మొన్న పెళ్లాన్ని పూడ్చిపెట్టి వచ్చినవాడైనా, "ఏదో, అంత ఇబ్బందేం లేదు" అనేసి వాన సంగతి ఎత్తుకుంటాడు. అడిగినవాడికీ అంతకు మించి అక్కర్లేదు. బస్‌స్టాపులో ఎవరైనా తన బాధ ఏకరువు పెట్టడం మొదలెడితే పక్కావిడ గొడుగు సర్దుకుని ఆకాశం వంక చూస్తుంది. నూలు మిల్లులు నడిచిన రోజుల్లోనూ అంతే, అవి మూతపడి ఊరు ఊరంతా ఇంట్లో కూర్చున్నప్పుడూ అంతే. ఈ గుణాన్ని వాళ్ళు మర్యాద అంటారు. నాకైతే ఒళ్ళు మండుతుంది.

ఏవిస్ సగ్డెన్ ఆ ఊళ్ళోనే పుట్టింది, ఆ ఊళ్ళోనే చర్చి మెట్లెక్కి క్లిఫర్డ్‌ని పెళ్లాడింది. పెళ్లినాడు కొత్త చెప్పులు కరిచి మడమలు పుండ్లయినా, రాత్రి విందయ్యేదాకా నవ్వుతూ డాన్సు చేసింది. బాగానే ఉన్నావా అని అడిగినవాళ్ళందరికీ బ్రహ్మాండంగా ఉన్నానంది. కాళ్ళ మేజోళ్ళు రక్తంతో అతుక్కుపోతే మర్నాడు పొద్దున వేణ్ణీళ్ళలో నానబెట్టి ఊడదీసింది క్లిఫర్డే. అతను అప్పుడు బస్సు డ్రైవరు. వారమంతా కొండల మీద బస్సు నడిపి, శనివారం సాయంత్రం మాత్రం తెల్ల చొక్కా వేసుకుని, క్లబ్బు టై కట్టుకుని శ్రామికుల క్లబ్బులో మైకు పట్టుకునేవాడు. పాటగాళ్ళని పిలిపించడం, వాళ్ళని పరిచయం చెయ్యడం, బార్ దగ్గర గోల చేసేవాళ్ళ నోరు మూయించడం, చివర్లో మాంసం పొట్లం బహుమతిగా లాటరీ తియ్యడం అతని పని. ఊళ్ళో సగంమందికి క్లిఫర్డ్ అంటే ఆ గొంతే గుర్తు.

ఇప్పుడు ఆ గొంతే అతనికి శత్రువైంది. వణుకుడు జబ్బుగా మొదలైంది, కొన్నేళ్ళకి మతి మీదికి ఎక్కింది, ఆ తర్వాత గొంతులోకి దిగింది. మింగాల్సింది పొట్టలోకి పోకుండా ఊపిరితిత్తుల దారి పట్టేది. పొద్దున పూట మనిషి ఫరవాలేదు. పొద్దు వాలేసరికి గదిలో ఎవరో కొత్తవాళ్ళు దూరారని భయపడి, దగ్గరికొచ్చిన వాళ్ళ మీద చెయ్యి విసిరేవాడు. ఇంట్లో చూసుకున్నన్నాళ్ళు ఏవిస్ చూసుకుంది. ఒకనాడు ఇద్దరూ కలిసి మెట్ల మీంచి దొర్లాక, ఆసుపత్రివాళ్ళు అతన్ని ఇంటికి పంపేది లేదని తేల్చి చెప్పి, ఎల్మ్ బ్యాంక్ అనే నర్సింగ్ హోమ్‌కి పంపారు. అది వాళ్ళ వీధి చివరే ఉంది. ఏవిస్ వంటింటి కిటికీలోంచి దాని పొగగొట్టం కనిపిస్తుంది.

రోజూ మధ్యాహ్నం, సాయంత్రం ఏవిస్ వెళ్ళి తినిపించేది. అదేం చిన్న పని కాదు. అతని ఎడమవైపు కూర్చోవాలి. గడ్డం కిందికి వంచి ఉంచాలి. మెత్తగా చేసిన బంగాళదుంపో, కస్టర్డో సగం చెంచా నోట్లో పెట్టి, గడ్డం కింద బొటనవేలు ఆనించి, "మింగు, క్లిఫ్" అనాలి. మింగాక ఊరికే ఇంకోసారి మింగమనాలి. అప్పుడే రెండో చెంచా. ఆమె లేకుండా వేరేవాళ్ళు పెడితే రెండుసార్లు పొలమారి, న్యుమోనియా వచ్చి ప్రాణం మీదికి తెచ్చింది. పైగా పరాయివాళ్ళు కంచం తెస్తే అతను తినడు. "ఇప్పుడే తిన్నానమ్మా, చాలా బాగుంది" అంటాడు, క్లబ్బుకొచ్చిన అతిథిలా నవ్వుతూ. ఆమె పూనుకున్నాక మళ్ళీ ఆసుపత్రి మొహం చూడలేదు.

అతను దాచుకున్నదంతా ఎల్మ్ బ్యాంక్‌కే ఊడ్చుకుపోయింది. ఇక మిగిలిన దారి ఒకటే. అతనికి కావలసింది వైద్యమే అని ప్రభుత్వ వైద్యసేవవాళ్ళు ఒప్పుకుంటే, ఖర్చంతా వాళ్ళే భరిస్తారు, క్లిఫర్డ్ ఉన్నచోటే ఉంటాడు. అది వైద్యం కాదు, ముసలితనంలో ఎవరికైనా అవసరమయ్యే చాకిరీయే అని తేలిస్తే మాత్రం భారం స్థానిక పాలన చూసే కౌన్సిల్ మీద పడుతుంది. కౌన్సిల్ ఇచ్చేది ఎల్మ్ బ్యాంక్‌కి చాలదు. కొండ అవతల థార్న్‌లీలో ఉన్న హోమ్‌కి తరలిస్తారు. థార్న్‌లీకి రెండు బస్సులు మారాలి. ఆదివారం అసలు బస్సే లేదు. ముప్పై ఏళ్ళు బస్సు నడిపినవాడి భార్యకి కారు నడపడం రాదు. థార్న్‌లీకి పోయాడంటే క్లిఫర్డ్‌కి పూటపూటా తినిపించేవాళ్ళుండరు. ఏవిస్‌కి ఇంతకన్నా వివరం అక్కర్లేదు.

మెదడు చెడిపోవడం, గొంతు చచ్చుబడటం జబ్బా కాదా అన్నది తేల్చడానికి పెద్ద సమావేశం పెడతారు. తిండి, ఊపిరి, నడక, చర్మం, ప్రవర్తన, ఇలా ఒక్కో విషయంలో మనిషి ఎంత చెడ్డాడో మెట్లు కట్టి చూస్తారు. బాగా చెడితేనే గట్టెక్కుతాడు.

క్లిఫర్డ్ చెల్లెలు నోరీన్‌కి ఈ సమావేశాల సంగతి తెలుసు. అత్తగారి విషయంలో ఒకసారి ఓడిపోయి, మళ్ళీ అడిగి గెలిచిన మనిషి. ముందు వారమే వచ్చి వదిన వంటింట్లో కూర్చుని టీ తాగుతూ పాఠం చెప్పింది.

"వదినా, నా మాట చెవికెక్కించుకో. ఆ రోజు అన్నయ్యకి గడ్డం గియ్యకు. టై కట్టకు. రోజూ ఎలా ఉంటాడో అలాగే ఉండనీ. వాళ్ళు అడిగితే మంచిరోజు గురించి చెప్పకు, అన్నిటికన్నా చెడ్డరోజు గురించి చెప్పు."

"అబద్ధమాడమంటావా?"

"నిజం చెప్పమంటున్నాను. నీకది అబద్ధంకన్నా కష్టం. చెప్పులు కరుస్తున్నాయని పెళ్లినాడు చెప్పలేకపోయావు నువ్వు."

ఏవిస్ నవ్వింది, కానీ మాట బుర్రలోకి ఎక్కింది. నోరీన్ వెళ్ళిపోయాక స్టవ్ మీద కెటిల్‌కి ఎదురుగా నిలబడి సాధన చేసింది. పొద్దు వాలాక నన్ను కొడతాడండీ. నేను ఒక్కపూట రాకపోతే తినడండీ. పరాయివాళ్ళు పెడితే పొలమారుతుందండీ. కెటిల్‌కి చెప్పడం బాగానే వచ్చింది. మూడురోజులు చెప్పింది.

సమావేశం రోజు పొద్దున్నే ఎల్మ్ బ్యాంక్‌కి వెళ్ళేసరికి క్లిఫర్డ్ మంచం మీద దిండ్లకి ఆనుకుని ఉన్నాడు. తెల్లగడ్డం మాసింది. చుబుకం మీద ఓట్స్ జావ ఎండి ఉంది. పైజమా గుండీ ఒకటి ఊడి వేలాడుతోంది. రోజూ చూసే మనిషే. కానీ ఆ రోజు ఏవిస్ అతన్ని పరాయివాళ్ళ కళ్ళతో చూసింది. ఇంకాసేపట్లో ముక్కూ మొహం తెలియని ఇద్దరు వచ్చి కుర్చీలేసుకుని ఈ మనిషిని చూస్తారు. క్లబ్బులో మైకు పట్టుకుంటే హాలు హాలంతా గప్‌చిప్ అయిపోయిన మనిషిని చూసి, ఇదీ క్లిఫర్డ్ సగ్డెన్ అంటే అనుకుంటారు. నోరీన్ చెప్పిందంతా గుర్తుంది. గుర్తుండే, ఇంటికి పరిగెత్తినట్టు వెళ్ళి ఇస్త్రీ పెట్టె వేడి చేసింది.

తెల్ల చొక్కా, క్లబ్బు టై, పాలిష్ చేసిన బూట్లు. గడ్డం నున్నగా గీసి, జుట్టుకి క్రీము రాసి వెనక్కి దువ్వింది. వచ్చేవాళ్ళు ఎంతో దూరం నుంచి వస్తారు కదా, ఒట్టి టీ ఏం ఇస్తామని, ముందురోజు చేసిన అల్లం కేకు డబ్బా కూడా తెచ్చింది. నోరీన్ వచ్చి గుమ్మంలోనే ఆగిపోయింది.

"పెళ్లికొడుకుని చేసి కూర్చోబెట్టావు," అంది. గొంతు పెంచలేదు. పెంచి లాభం లేదు, కారు అప్పటికే గేటు దాటి లోపలికొచ్చింది.

వచ్చినవాళ్ళు ఇద్దరు. వైద్యసేవ తరఫున మిసెస్ లాంగ్‌డన్ అనే నర్సు, కౌన్సిల్ తరఫున తాహిరా అనే అమ్మాయి. హోమ్ మేనేజరు సెలవులో ఉంది. ఆమె బదులు ఏజెన్సీ పంపిన కొత్త నర్సు రోజువారీ నోట్సు పట్టుకుని వచ్చింది. ఆ నర్సుకి క్లిఫర్డ్ ఎవరో ఆ పూటే తెలిసింది. అద్దాల గదిలో కుర్చీలు వేశారు. ఎండ పడుతోంది. క్లిఫర్డ్‌కి పొద్దున పూట మంచిదని చెప్పాను కదా, అది పదకొండు గంటల వేళ.

అంతమంది ఒకచోట చేరి తన వంక చూసేసరికి క్లిఫర్డ్ భుజాలు లేచాయి. పేరు గుర్తురాని మనిషికి పని గుర్తొచ్చింది. మిసెస్ లాంగ్‌డన్‌ని చూసి, రండి రండి, దారిలో వానేమన్నా పడిందా, టీ ఇచ్చారా మీకు, అని పలకరించాడు. ఆమె ఆ సాయంత్రం పాడటానికొచ్చిన గాయని అనుకున్నాడో ఏమో, ఏం పాడతారు అని కూడా అడిగాడు. తనకి స్నానాలగదిలో తప్ప పాట రాదని ఆవిడ నవ్వింది. దానికి అతను, "మా క్లబ్బులో ఇంతకుముందు వచ్చినవాళ్ళకి అది కూడా రాదులెండి," అన్నాడు. అందరూ నవ్వారు. ఏవిస్ కూడా నవ్వింది. ఎన్నాళ్ళకో కనిపించాడు మొగుడు. ఆ ఒక్క నిమిషం ఆమెకి తాము ఎందుకు కూర్చున్నారో గుర్తులేదు. నోరీన్ మాత్రం నవ్వలేదు.

ఒక్కొక్కటే అడిగారు. మతి సంగతి దగ్గర పేచీ లేదు, అది పోయిందని అందరూ ఒప్పుకున్నారు. చర్మం మీద పుండ్లున్నాయా అంటే లేవు, బాగా చూసుకుంటున్నారు కనక. ఈమధ్య పొలమారిందా, ఆసుపత్రికి వెళ్ళారా అంటే లేదు, ఏవిస్ తినిపిస్తోంది కనక. అక్కడ నోరీన్ అడ్డుపడి, వదిన రాకపోతే అతను గొంతుకి అడ్డంపడి చస్తాడు, అది రాసుకోండి, అంది. మిసెస్ లాంగ్‌డన్ ఏవిస్ వైపు తిరిగి, తినిపించడం మీకు కష్టంగా ఉంటోందా అని అడిగింది.

కెటిల్ ముందు సాధన చేసిన మాట నాలుక చివరే ఉంది. కానీ పక్కనే క్లిఫర్డ్ ఉన్నాడు, టై కట్టుకుని, ఆమె వంక చూస్తూ. అతని ఎదుటే నువ్వు నాకు కష్టం అని ఎలా అంటుంది.

"ఏదో, జరిగిపోతోందండీ. కాస్త ఓపిక పట్టాలంతే," అంది.

తర్వాత ప్రవర్తన. ఎవరిమీదైనా చెయ్యి చేసుకున్నారా అని అడిగితే, ఏజెన్సీ నర్సు పేజీలు తిప్పి, అలాంటిదేం రాసిలేదంది. సాయంత్రాలన్నిటికీ ఒకటే మాట రాసి ఉంది: భార్య వచ్చాక ప్రశాంతంగా ఉన్నారు. ఎందుకు రాసిలేదో ఏవిస్‌కి తెలుసు. అక్కడ పనిచేసే అమ్మాయిల్ని ఆమే బతిమాలుకుంది. ఆయన మంచివాడమ్మా, తెలిసి చేసింది కాదు, ఇలాంటివి కాగితం మీద పెట్టకండి అని. పాపం వాళ్ళూ ఆ ఊరి పిల్లలే, పెట్టలేదు.

"ఇంట్లోవాళ్ళకి తెలిసినంత మాకు తెలియదు కదా, సగ్డెన్ గారూ. మీ మీద ఎప్పుడైనా చెయ్యి ఎత్తారా?" అని అడిగింది మిసెస్ లాంగ్‌డన్. మంచిగానే అడిగింది, చెప్పించాలనే అడిగింది.

ఏవిస్ చెయ్యి దానంతటదే వెళ్ళి స్వెట్టర్ చేతిని మణికట్టు దాకా లాక్కుంది. నోరీన్ అది చూసింది.

"వదినా, ఆ చెయ్యి పైకి తియ్యి."

ఏవిస్ తియ్యలేదు. నోరీనే వంగి స్వెట్టర్ మోచేతి దాకా జరిపింది. ముంజేతి మీద నల్లగా కమిలి, అంచుల్లో పసుపు తేలిన దెబ్బ ఉంది. క్లిఫర్డ్ ముందుకు వంగి ఆ దెబ్బని చూశాడు. అతని మొహం వాడిపోయింది.

"ఎవరు చేశారు పిల్లా ఇది?" అన్నాడు. నిజంగానే తెలియక అడిగాడు. వాడెవడో చెబితే వెళ్ళి తేల్చుకుందామన్నట్టు కుర్చీ చేతులు పట్టుకుని లేవబోయాడు.

"తలుపు తగిలింది, క్లిఫ్," అంది ఏవిస్. తర్వాత మిసెస్ లాంగ్‌డన్ వైపు తిరిగి, "తలుపేనండీ. మాకు అంత ఇబ్బందేం లేదు," అంది.

నోరీన్ తల పట్టుకుంది. ఇక ఆపైన అడిగినవి, చెప్పినవి ఉత్త లాంఛనం. కేకు చాలా బాగుందని అందరూ మెచ్చుకున్నారు. వెళ్ళేముందు తాహిరా వెనకబడి, వరండాలో ఏవిస్‌ని ఒంటరిగా ఆపింది. ఆయన ముందు చెప్పలేనిది ఏమన్నా ఉంటే ఇప్పుడు చెప్పండి, నేను రాస్తాను, అంది. అంతకన్నా మంచి అవకాశం ఎవరిస్తారు? ఏవిస్ నోరు తెరిచింది. అద్దాల గదిలోంచి క్లిఫర్డ్ ఖాళీ కుర్చీలకి ధన్యవాదాలు చెబుతున్నాడు. ఇల్లు జాగ్రత్తగా చేరండి, వచ్చే శనివారం మళ్ళీ కలుద్దాం, అంటున్నాడు. అతని వెనకాల నిలబడి అతని మీద చాడీలు చెప్పడం ఏవిస్ వల్ల కాలేదు.

"ఆయన చాలా మర్యాదస్తుడమ్మా. ఎప్పుడూ అంతే," అంది. తాహిరా కాసేపు ఎదురుచూసి వెళ్ళిపోయింది.

ఉత్తరం వచ్చిన రోజు నోరీనే చదివి వినిపించింది. క్లిఫర్డ్ అర్హుడు కాదన్నారు. అవసరాలన్నీ ఇప్పుడున్న ఏర్పాట్లతో చక్కగా తీరుతున్నాయట. తిండి విషయంలో భార్యకి కష్టంగా ఏమీ లేదట. ప్రవర్తన వల్ల ఎవరికీ ముప్పు లేదట. ప్రతి వాక్యం వెనకాల ఏవిస్ మాటలే ఉన్నాయి, శుభ్రంగా ఇస్త్రీ చేసి పెట్టినట్టు. నోరీన్ ఉత్తరం మడిచి బల్ల మీద పెట్టి, టీ పెడతానని లేచింది. తిట్టి ఉంటే బాగుండేదని ఏవిస్‌కి అనిపించింది.

ఊరుకున్నారని కాదు. నోరీన్ కూర్చుని మళ్ళీ పరిశీలించమని రాసింది. ఏవిస్ జీవితంలో మొదటిసారి ఒక ఆఫీసుకి ఫోన్ చేసి, అది తలుపు కాదండీ, మా ఆయనే కొట్టాడు, అని చెప్పింది. అవతలి గొంతు చాలా మర్యాదగా, కొత్త విషయాలేమన్నా ఉంటే రాసి పంపండి, వంతు వచ్చినప్పుడు చూస్తారు, అంది. వంతు ఎప్పుడొస్తుందంటే కొన్ని నెలలు పట్టొచ్చంది. అప్పటిదాకా ఎల్మ్ బ్యాంక్‌లో ఎవరుంచుతారు? చెప్పాల్సినప్పుడు పెగలని నోరు ఇప్పుడు పెగిలింది, వినేవాళ్ళే లేరు.

తరలించే రోజు చిన్న బస్సు వచ్చింది. చక్రాల కుర్చీ ఎక్కించే పలక దించారు. బస్సుని చూడగానే క్లిఫర్డ్ మొహం వెలిగింది. క్లబ్బువాళ్ళు ఏటా సముద్రం ఒడ్డుకి వెళ్ళే యాత్ర అనుకున్నాడు. అందరూ ఎక్కారా, పిల్లలకి మూత్రం పోయించారా, అని అడిగాడు. వీధిలోవాళ్ళు ఇద్దరు ముగ్గురు గుమ్మాల్లో నిలబడి చెయ్యి ఊపారు. "నువ్వు ఎక్కు పిల్లా, కిటికీ పక్క సీటు నీదే," అన్నాడు. ఏవిస్ ఎక్కింది. దారి పొడుగునా కొండ మీద పొగమంచే తప్ప ఏం కనిపించలేదు. అతను మాత్రం సముద్రం వాసన వస్తోందన్నాడు. ఆ సాయంత్రం రెండు బస్సులు మారి ఒక్కతే వెనక్కి వచ్చింది.

థార్న్‌లీలో వాళ్ళు చెడ్డవాళ్ళు కాదు. చెడ్డవాళ్ళైతే తిట్టుకోవడానికైనా ఉండేది. గది శుభ్రంగా ఉంది, అమ్మాయిలు నవ్వుతూ మాట్లాడతారు. కానీ ఒక్కో అమ్మాయి మీద ఎంతోమంది, అందరికీ ఒకే వేళకి కంచాలు. తినిపించే పద్ధతి ఏవిస్ వచ్చినవాళ్ళందరికీ చూపించింది. ఎడమవైపు కూర్చోవాలమ్మా, గడ్డం వంచాలమ్మా, రెండోసారి ఊరికే మింగించాలమ్మా, అని. వాళ్ళు శ్రద్ధగానే విన్నారు. నేర్చుకున్న అమ్మాయి వారం తిరక్కుండానే ఇంకో అంతస్తుకి మారేది. పొద్దున్నే బయల్దేరినా ఏవిస్‌కి రెండో బస్సు కళ్ళముందే వెళ్ళిపోయేది. ఇంకోటి వచ్చి, ఆమె చేరేసరికి భోజనాలు ముగిసి బల్లలు తుడుస్తుండేవాళ్ళు. సాయంత్రం ఫలహారాలకి ముందే తిరుగు బస్సు. టాక్సీలో కొన్నిసార్లు వెళ్ళింది. రోజూ వెళ్ళగలిగే స్తోమతు లేదు. నోరీన్ కళ్ళు సరిగా కనపడక ఆ ఏడే కారు అమ్మేసింది.

చలి ముదిరిన ఒక మధ్యాహ్నం ఏవిస్ వెళ్ళేసరికి క్లిఫర్డ్ కిటికీ దగ్గర ఉన్నాడు. అదే తెల్ల చొక్కా. కాలరుకీ మెడకీ మధ్య ఆమె చెయ్యి పట్టేంత ఖాళీ ఉంది. జోసీ అనే అమ్మాయి, ఇరవై దాటి ఉండవు, దుప్పటి సర్దుతూ, "మీ ఆయన బంగారమండీ. ఒక్క ఇబ్బందీ పెట్టరు. కంచం తేగానే, ఇప్పుడే తిన్నానమ్మా, చాలా బాగుంది అంటారు. ఎంత మర్యాదో," అంది.

ఏవిస్ సంచీ కింద పెట్టింది.

"తినలేదమ్మా," అంది. "ఆయన అబద్ధమాడుతున్నాడు."

జోసీ నవ్వబోయి ఆగింది.

"మా ఊళ్ళో అందరం అలాగే అంటాం. ఆకలేస్తున్నా తిన్నామంటాం, దెబ్బ తగిలినా తగల్లేదంటాం. నేనూ అలాగే అన్నాను, పెద్దవాళ్ళొచ్చి కూర్చుని అడిగితే. అందుకే ఈయన ఇక్కడున్నాడు. నేను రాకపోతే తినడు. తినకపోతే పోతాడు. నువ్వది రాసి పెట్టు తల్లీ."

కెటిల్ ముందు సాధన చేసిన మాటలన్నీ ఒక్కటి పొల్లుపోకుండా వచ్చాయి. కొడతాడని చెప్పింది, పొలమారుతుందని చెప్పింది, తన చేతి మీద దెబ్బ సంగతి చెప్పింది. జోసీ కళ్ళు పెద్దవి చేసుకుని విన్నది. రాస్తానంది, రాత్రి డ్యూటీవాళ్ళకి కూడా చెబుతానంది. అయితే రేపట్నించి తనని పక్క ఊరి హోమ్‌కి వేశారట. పాపం ఆ పిల్ల తప్పేముంది? దగ్గరికొచ్చి ఏవిస్ భుజం మీద చెయ్యి వేసి, మీరు బాగానే ఉన్నారా అని అడిగింది.

"బాగాలేను," అంది ఏవిస్.

డెబ్బై ఆరేళ్ళ జీవితంలో ఆ మాట మొదటిసారి ఆమె నోట వచ్చింది. వచ్చినందువల్ల ఏమీ జరగలేదు. లోపల ఎవరో గంట నొక్కితే జోసీ వెళ్ళిపోయింది.

బస్సు వేళయింది. ఏవిస్ క్లిఫర్డ్ నుదురు ముద్దుపెట్టుకుని, కోటు తొడుక్కుని బయటికి నడిచింది. వరండా చివరికి వచ్చేసరికి వెనకాల సాయంకాలపు ట్రాలీ చప్పుడు, ఇంకెవరో అమ్మాయి పలకరింపు వినిపించాయి. ఆ వెంటనే క్లబ్బు హాలు చివరిదాకా వినిపించే ఆ గొంతు, ఇప్పుడు బాగా సన్నబడి, "వద్దమ్మా, థాంక్యూ. ఇప్పుడే తిన్నాను. చాలా బాగుంది," అంది. "అలాగేనండీ," అని ట్రాలీ ముందుకు కదిలింది.

ఏవిస్ వెనక్కి తిరిగింది. ట్రాలీ ఆపి ఒక గిన్నె కస్టర్డ్, చెంచా తీసుకుంది. అతని ఎడమవైపు కుర్చీ లాక్కుని కోటు విప్పకుండానే కూర్చుంది. కిటికీలోంచి బస్సు కనిపించింది, వచ్చి ఆగింది, వెళ్ళింది. ఈ పూట తింటాడు. రాత్రికి ఆమె ఏ కుర్చీలోనో పడుకుంటుంది, ఉండనిస్తే రేపు మధ్యాహ్నం కూడా పెడుతుంది. ఆ తర్వాత సంగతి ఆమెకి తెలియదు.

సగం చెంచా నోట్లో పెట్టి, గడ్డం కింద బొటనవేలు ఆనించింది. క్లిఫర్డ్ ఆమె మొహంలోకి చాలాసేపు చూశాడు.

"నా వల్ల నీకు ఇబ్బందేమో, పిల్లా," అన్నాడు.

"లేదు, క్లిఫ్. ఇబ్బందేం లేదు," అంది ఏవిస్. "మింగు."